జర్మనీ తారకు లేని విశ్రాంతి

పాఠకులారా, జర్మనీ దేశపు నటీమణుల్ని చూస్తే జాలేస్తుంది. వాళ్లకి విశ్రాంతి ఇచ్చే నాథుడే లేడు!

హిల్డా అనే తార సంగతి ఈ మధ్య ఒక వారపత్రికలో వేశారు. మూగ సినిమాల రోజుల్లో మొహానికి రంగేసుకున్న మనిషి, అరవై దగ్గరపడ్డా ఇంకా కడుక్కోలేదట. సినిమాలయ్యాయి, ఇప్పుడు టెలివిజనట. అందులోనూ ప్రేమిస్తుందట, అలుగుతుందట! "చాలమ్మా, ఇక నువ్వు తల్లివి" అని చెప్పే పెద్దమనిషి ఒక్కడు లేకపోయాడు. ఏం దేశమండీ అది?

మన దగ్గర అంత నిర్దయ లేదు. నటికి నలభై నిండగానే నిన్నటి భర్త నేటి కొడుకవుతాడు. పురిటినొప్పులైనా ఉండవు!

ఆ పత్రికని కూర్మమ్మ కూడా చదివింది. పాతపట్నంలో నాటకం ఆడి వస్తూ, నౌపడలో రైలు మారేటప్పుడు కొనుక్కుంది. ఇరవై ఏళ్లుగా మనవైపు సత్యభామ అంటే కూర్మమ్మే. ఆమె జడ విసిరితే జనం "వన్స్ మోర్" అని కేకలేస్తారు. విజయనగరంలో దిగి రిహార్సల్‌కి వెళ్లేసరికి నాటకాల కంట్రాక్టరు నారాయణమూర్తి శుభవార్తతో సిద్ధంగా ఉన్నాడు.

"సూడు కూర్మమ్మా, ఈ ఏడు భామ ఏసం కొత్తమ్మాయికిస్తన్నాను. నువ్వు యశోదవి. కుర్సీలో కూకుని రెండు పద్యాలు పాడుకో, సుఖం."

"మరి కిష్ణుడెవులు?"

"ఇంకెవులు? మన జగన్నాధమే."

జగన్నాధానికి అరవై నిండబోతున్నాయి. మనవల్ని ఎత్తుకున్న చేతుల్తోనే పిల్లనగ్రోవి పట్టుకుంటాడు. కృష్ణుడి వేషం సీనుకొకరు పంచుకోవడం మనవైపు ఆచారం. ఆయన మాత్రం చిన్నికృష్ణుణ్ణి కూడా ఎవరికీ వదలడు!

కూర్మమ్మకి సంగతి అర్థమైంది. భామ పోతే పేరు పోయినట్టే. ఈ ఏడు యశోద, మీదటేడు ఇంట్లో పొయ్యి. అయినా కొంగు బిగించింది.

"సరే బాబూ. తల్లినంటే తల్లినే. సీనెత్తుకోండి."

యశోద సీనంటే తెలుసుగా? అల్లరి కొడుకుని రోటికి కట్టెయ్యాలి. కూర్మమ్మ తాడు తెచ్చి, ఒక కొస అట్టరోలుకీ, రెండో కొస జగన్నాధం నడుముకీ కట్టింది.

"పాకు నాయినా."

"పాకడమేటే? నడిసెల్తాను."

"ఓలమ్మ! పసిగుంటడు నడిసెల్లి సెట్లు కూల్సేత్తాడేటి? పాకు, నా తండ్రే! అమ్మ సెప్తన్నాది."

జగన్నాధం పాకాడు. బారెడు దూరం పోకుండానే మోకాలు కటుక్కుమంది.

"వన్స్ మోర్!" అంది కూర్మమ్మ. "దెబ్బ తగిలిందేటి, మా బాబే? రా, ఒళ్లో కూకో, పాలిస్తాను."

హార్మోనియం ఆగిపోయింది. వాయించేవాడు పెట్టె మీద పడి నవ్వుతున్నాడు.

జగన్నాధం తాడు తెంపుకున్నాడు. "నారాయణమూర్తీ! దీనికి భామ ఏసం ఇచ్చీ. నాటకంలో దీని కాళ్లయినా పట్టుకుంటాను గానీ ఒళ్లో మాత్రం కూకోను!"

అంతే! కూర్మమ్మ ముసలితనం ఆ సాయంత్రానికే నయమైపోయింది. యశోదకి వేరే మనిషిని వెతుక్కున్నారు.

చూశారా, మన పద్ధతిలో ఎంత దయ ఉందో! నటి ఎన్నాళ్లు ఆడాలో ఆమె గొంతుని అడగరు, ఆమె ఒంటిని అడగరు. హీరోగారి మోకాళ్లని అడుగుతారు.

జగన్నాధం మోకాళ్లు ఎప్పటికీ బాగుపడకుండా చూడమని కూర్మమ్మ పైడితల్లి అమ్మవారికి కొబ్బరికాయ మొక్కుకుంది.