ఎమ్మెల్యే గారి కత్తెర దీక్ష

తెలంగాణ వచ్చేదాకా తన తోటలో ఒక్క రెమ్మను కూడా కత్తిరించనివ్వనని ఎమ్మెల్యే కరుణాకర్ గారు జనగామలోని స్వగృహం ముందు ప్రెస్ మీట్ పెట్టి ప్రకటించారు. అది 2006 ఎండాకాలం. అందరికంటే ముందు చప్పట్లు కొట్టినవాడు ఆ ఇంటి తోటమాలి మాజిద్. చేతిలో కత్తెర ఉన్న సంగతి మరిచి కొట్టాడు కాబట్టి చప్పుడు కాస్త గట్టిగానే వచ్చింది.

"మిగతా లీడర్లు గడ్డాలు పెంచుతున్నరు. గడ్డం ఎవడైనా పెంచుతడు. నేను తోట పెంచుత," అన్నారు కరుణాకర్ గారు.

విలేకరులు రాసుకున్నారు. గడ్డం తెల్లగా వస్తుందని సతీమణి కమలాదేవి గారు అభ్యంతరపెట్టిన సంగతి ఎవరూ అడగలేదు.

మాజిద్‌కు ఆ తోట ప్రాణం. గేటుకు రెండు పక్కలా నెమళ్లలా కత్తిరించిన పొదలు, గోడ వెంట కొవ్వొత్తుల్లా నిలిచిన అశోక చెట్లు, నట్టనడుమ ఒక పచ్చని కుర్చీ. నాలుగు మొక్కలను కలిపి, వంచి, కట్టి, ఏళ్ల తరబడి పెంచిన కుర్చీ అది. నాలుగు మొదళ్లే నాలుగు కాళ్లు. పైన ఆకులతోనే సీటు, చేతులు. అందులో ఎవరూ కూర్చోలేరు. అయినా ప్రతి పుట్టినరోజుకూ కరుణాకర్ గారు దాని పక్కన నిలబడి ఫొటో దిగేవారు.

విలేకరులు వెళ్లాక మాజిద్‌కు అసలు సంగతి తట్టింది.

"సార్, మరి నేనేం చెయ్యాలె?"

"నీళ్లు పట్టు. నీళ్లకు దీక్ష లేదు."

"జీతం సార్?"

"సగం పని బంద్ అయిందిగద. సగం ఇస్త. నువ్వు గూడ ఉద్యమంల ఉన్నట్టేరా."

మాజిద్ ఛాతీ ఉబ్బింది. ఇంటికి వెళ్లేసరికి భార్య జరీనా దాన్ని మళ్లీ మామూలు సైజుకు తెచ్చింది.

"అజీ, త్యాగం ఆయన చేస్తే మన ఇంట్ల బియ్యం ఎందుకు తక్కువైనయ్?"

"నీకు రాజకీయం తెల్వది."

"నాకు వంట తెలుసు."

తెలంగాణ వస్తే కత్తెరా, పూర్తి జీతమూ రెండూ తిరిగొస్తాయి. అందుకే జనగామలో మాజిద్ అంత గట్టిగా రాష్ట్రం కోరుకున్నవాడు ఇంకొకడు లేడు. అన్నం ముందు కూర్చున్నప్పుడల్లా కోరుకున్నాడు.

వారం తిరక్కుండానే ఎమ్మెల్యే గారు పిలిచారు.

"కుర్చీకి రెమ్మలు బయటికొస్తున్నయ్. జర కత్తిరించు."

"దీక్ష సార్!"

"దీక్ష చెట్లకురా. గిది ఫర్నిచర్."

ఎంతటి సూక్ష్మబుద్ధి! అప్పటి నుంచి నెలకొకసారి, చుట్టూ టార్పాలిన్ కట్టి, మాజిద్ ఫర్నిచర్‌కు సేవ చేశాడు.

మిగతా తోట మాత్రం నిష్ఠగా పెరిగింది. నెమళ్లు ఎలుగుబంట్లయ్యాయి. అశోక చెట్లు కరెంటు తీగలను తాకి గల్లీ మొత్తాన్ని చీకట్లో ముంచాయి. కాగితంపూల తీగ గేటును కమ్మేసింది. పింఛన్ కోసం వచ్చిన ముసలివాళ్ల దరఖాస్తులు ఆ ముళ్లకే గుచ్చుకుని పెండింగ్‌లో ఉండేవి. డోర్నకల్ నుంచి కూడా కార్యకర్తలు జీపులు కట్టుకుని వచ్చి చూశారు. ఎవరైనా "సార్, రాజీనామా ఎప్పుడు?" అంటే, "తోట చూసిన్రా?" అనేవారు కరుణాకర్ గారు. చూసి వెళ్లిపోయేవారు.

2009 డిసెంబర్ తొమ్మిది రాత్రి ఢిల్లీ నుంచి ప్రకటన వచ్చింది. తెల్లారేసరికి ఇంటి ముందు డప్పులు, మిఠాయిలు, టీవీ కెమెరాలు.

"మాజిదూ, కొయ్‌రా!" అని ఆజ్ఞ ఇచ్చారు ఎమ్మెల్యే గారు.

మాజిద్ కోశాడు. ఇన్నేళ్ల ఆకలి కత్తెరలోకి వచ్చింది. జనం ఒక్క కొమ్మను నేల మీద పడనివ్వలేదు. దసరానాడు జమ్మి పంచుకున్నట్టు "బంగారం, బంగారం" అంటూ ఒకరి చేతిలో ఒకరు పెట్టుకుని అలాయ్ బలాయ్ తీసుకున్నారు. సాయంత్రానికి తోట గుండు కొట్టించుకున్న పిల్లగాడిలా తయారైంది. ఆ రాత్రి జరీనా బగారన్నం వండింది.

డిసెంబర్ ఇరవై మూడున ఢిల్లీ ఇంకా విస్తృతంగా సంప్రదించాలంది. మర్నాడు విద్యార్థులు వస్తున్నారని కబురు అందింది. కరుణాకర్ గారు వరండాలోకి వచ్చి బోడి చెట్లను చూశారు.

"మాజిదూ, దీక్ష మళ్ల మొదలు. కొమ్మలు పెట్టు."

"కోసిన కొమ్మ మళ్ల అతకది సార్."

"బైండింగ్ వైర్ తోని కట్టు. ఉద్యమంల అన్నీ అతుకుతయ్."

పంచిన బంగారాన్ని తిరిగి తెచ్చేందుకు కార్యకర్తలు ఇల్లిల్లూ తిరిగారు. కొందరు దేవుడి గూట్లోంచి తీసిచ్చారు. "మా మేక తిన్నదన్నా," అన్నారు కొందరు. చాలనివాటికి దారిలో దొరికినవి నరుక్కొచ్చారు. అశోక చెట్టుకు తుమ్మకొమ్మ మొలిచింది.

మర్నాడు లింగాల ఘనపూర్ వైపు తండా నుంచి వచ్చిన విద్యార్థి నాయకుడు ధర్మా అందరికంటే ముందు నిలబడ్డాడు.

"సార్, అందరు రాజీనామాలు ఇస్తున్నరు. మీదెప్పుడు?"

"నా తోట చూసిన్రా?"

ధర్మా చూశాడు. అప్పుడే ఒక కొమ్మ ఊడి అతని కాళ్ల దగ్గర పడింది. దానికి చుట్టిన వైరు పట్టుకుని పైకెత్తాడు.

"చెట్లకు వైరింగ్ ఎప్పుడు చేపిచ్చిన్రు సార్?"

జనం గొల్లుమన్నారు. ఆ వెంటనే "రాజీనామా! రాజీనామా!" అని కేకలు.

కరుణాకర్ గారు చెయ్యెత్తారు. "ఈ ఇంట్ల నుంచి రాజీనామా గావాలె, అంతేనా?"

"అంతే!"

"అయితే ఇప్పుడే, ఇక్కడే!" అని మాజిద్ భుజం మీద చెయ్యి వేశారు. "ఇన్నేండ్లు నా తోటకు సర్వాధికారిగ ఉన్న మన మాజిద్ భాయ్, తెలంగాణ కోసం తన పదవిని వదులుకుంటున్నడు!"

కార్యకర్తలు డప్పు అందుకున్నారు. మాజిద్ మెడలో దండ పడింది. "మేం అడిగింది మీది సార్!" అని ధర్మా అరుస్తూనే ఉన్నాడు. డప్పుల్లో అది వినబడలేదు. మాజిద్ అప్పటికే ఎవరి భుజాల మీదో ఉన్నాడు.

"సార్, నా నౌకరీ?" అన్నాడు పైనుంచి వంగి.

"ఫికర్ చెయ్యకురా," అన్నారు సారు, పెదవులు కదపకుండా. "రాజీనామాలు యాడన్న ఆమోదం అయితయా? రేపు పొద్దుగాల పనికి రా."

మర్నాడు మాజిద్ ఫొటో పేపర్లో వచ్చింది. దాన్ని మడిచి జేబులో పెట్టుకుని, కత్తెరకు నూనె రాసుకుని పనికి వెళ్లాడు. గేటు దగ్గర కమలాదేవి గారు ఆపారు.

"నీ రాజీనామా ఆమోదమైంది మాజిదూ. రాత్రే సార్ సంతకం పెట్టిన్రు."

"మరి కుర్చీ, అమ్మా? నెలకొకసారి జూడకుంటే ఆగమైతది."

"కుర్చీకి మాలి ఎందుకు? ఫర్నిచర్ గదా. వడ్లాయనను పిలిచినం."

గేటుకు మళ్లీ వైరుతో కట్టిన ముళ్ల సందుల్లోంచి మాజిద్ లోపలికి చూశాడు. చెవి వెనక పెన్సిల్ పెట్టుకున్న వడ్రంగి కుర్చీ ముందు మోకాళ్ల మీద కూర్చుని, టేపుతో మొదళ్లను కొలుస్తున్నాడు.

"సార్, ఒక కాలు జర పొడుగున్నది. కొయ్యాల్నా?"

"నాలుగూ సమం చెయ్యి," వరండాలోంచి కరుణాకర్ గారి గొంతు వినిపించింది. "ఏమైనా గానీ, కుర్చీ మాత్రం కదలొద్దు."

రంపం చప్పుడు మొదలైంది.