పోలమ్మ మొదలగువారు

చరిత్రలో ఎవరూ పట్టించుకోని స్త్రీలను ఇకమీదట ప్రభుత్వమే పట్టించుకుంటుందని 1961 జూలైలో మంత్రిగారు గూడూరు సభలో ప్రకటించారు. కరతాళధ్వనులు మిన్నుముట్టాయి. వాటిలో నావి కూడా ఉన్నాయి. నేను రెండో వరసలో కూర్చుని, మంత్రిగారికి కనిపించేటట్టు చేతులు కొంచెం పైకెత్తి కొట్టాను.

నెల తిరగకుండానే విస్మృత వనితా చారిత్రక నవలల కమిటీ ఏర్పడింది. సభ్యులు ఏడుగురు. అందరూ పురుషులే. స్త్రీ సభ్యురాలు లేని సంగతి కమిటీ మొదటి సమావేశంలోనే గమనించి, అందుకు విచారం వెలిబుచ్చుతూ ఏకగ్రీవంగా తీర్మానించింది. ఇంత నిజాయితీ ఈ రోజుల్లో అరుదు. కన్వీనరు ఓబయ్యగారు గూడూరులో నిమ్మకాయల వ్యాపారి, పార్టీలో పాతకాపు. ఏడాదికొక నవల ఎంపిక చేసి, రెండువేల ప్రతులు అచ్చువేసి, ఊరూరా గ్రంథాలయాలకు పంపాలని ఏర్పాటు.

మొదటి నవల రాసే గౌరవం నాకు దక్కింది. నా పేరు హెబ్రోను. చిల్లకూరు దగ్గర హైస్కూల్లో తెలుగు మాస్టరును. అప్పటికే మూడు చారిత్రక నవలలు రాసి ఉన్నాను. నా పద్ధతి సులువైనది. ముందు ఒక రాజును తీసుకుంటాను. శాసనాల్లో పేరు లేని స్త్రీ ఎవరైనా ఆయన పక్కన నిలబడి ఉందేమో చూస్తాను. ఒక నవలలో ఆమె పాలిచ్చిన దాది. ఇంకోదానిలో వింజామర వీచే దాసి. మూడోదానిలో గుర్రాలకు గుగ్గిళ్లు పెట్టే మనిషి. ముగ్గురూ అందగత్తెలే. ముగ్గురూ పంతొమ్మిదో ప్రకరణంలో రాజు కోసం ప్రాణమిచ్చారు. ఇరవయ్యో ప్రకరణంలో రాజుకు పట్టాభిషేకం జరిగేది. దీనివల్ల వాళ్లను మరచిపోవడం పాఠకులకు కూడా తేలికయ్యేది.

ఈ నవలలను చిత్తుప్రతిలోనే విన్నది నా భార్య నవోమి ఒక్కతే. మూడూ విన్నాక ఒకే ఒక ప్రశ్న అడిగింది.

“వీళ్లు ఎప్పుడన్నా అన్నం తింటారా అండీ?”

చారిత్రక నవలల్లో ఆ వివరాలు ఉండవని చెప్పాను. అప్పుడామె తన ముత్తవ్వ పోలమ్మ సంగతి చెప్పింది. ఎనభై ఏళ్లకిందటి ధాత కరువులో పోలమ్మ తడ దగ్గర కాలువ తవ్వకానికి కూలికి పోయిందట. చంటిబిడ్డలకు పోసే గంజిని కంట్రాక్టరు ఉన్నట్టుండి ఆపేశాడు. పోలమ్మ మట్టిగంప దించి కాలువలోనే కూర్చుంది. ఆమెను చూసి మిగతా ఆడవాళ్లంతా కూర్చున్నారు. మూడోనాడు గంజితొట్టి తిరిగివచ్చింది. పోలమ్మ లేచి గంప ఎత్తుకుంది. అంతే. ఇందులో రాజు లేడు గనుక నేను రాసుకోలేదు.

రెండేళ్లకు నవోమి జబ్బుపడింది. ఆసుపత్రిలో ఒకరోజు, ఏమైనా కావాలా అని అడిగాను. ఏ పండో అడుగుతుందనుకున్నాను.

“పోలమ్మను పేరు పెట్టి రాయండి. ఆమెనన్నా చంపబాకండి,” అంది.

సరేనన్నాను. ఫిబ్రవరిలో ఆమె పోయింది. జూలైలో మంత్రిగారి ప్రకటన వచ్చింది. నవోమికిచ్చిన మాట కోసమే చేతులు అంత పైకెత్తి కొట్టానని ఇప్పుడు చెప్పుకోవచ్చు. కాని గ్రంథాలయాల మాట కూడా ఆరోజే నా చెవిన పడింది.

మూడు నెలల్లో నవల పూర్తిచేశాను. పోలమ్మ పేరు మొదటి వాక్యంలోనే పెట్టాను. ఎవరినీ చంపలేదు.

కమిటీ చదివి చాలా మెచ్చుకుంది. సభ్యులలో ఒక ప్లీడరుగారు మాత్రం, ఈమె గురించి రికార్డు ఏదని అడిగారు. రికార్డు లేదు గనుకనే విస్మృత వనిత అన్నాను. అయితే ఎవరూ పట్టించుకోలేదని రాతపూర్వకంగా రుజువు ఉండాలి గదా అన్నారు ఓబయ్యగారు. నేను పోలమ్మ ఊరి కరణంగారి దగ్గరకు రెండుసార్లు తిరిగి సర్టిఫికెట్టు తెచ్చాను. “పోలమ్మ అను స్త్రీని ఈ గ్రామమున ఎవరును ఎరుగరని ధ్రువీకరించడమైనది” అని అందులో ఉంది. కమిటీ సంతోషించింది. మళ్లీ ప్లీడరుగారే, ఈ కాగితం ప్రకారం ఆమె అసలు లేనట్టు కూడా అవుతుందన్నారు. సాయంత్రం దాకా చర్చించి, పోలమ్మ విస్మరింపబడినమాట వాస్తవమేగాని ఉన్నమాట సందేహమని తీర్మానించారు. అందుచేత ఆమెను మొదటి వాక్యంలోంచి తీసి నాలుగో ప్రకరణంలో పెట్టమన్నారు. పెట్టాను. నాలుగో ప్రకరణం కూడా పుస్తకంలోదే గదా అనుకున్నాను.

ఆ నెలలోనే అభ్రకం గనుల కూలీలు పని మాని కూర్చున్నారు. మర్నాడే ఓబయ్యగారు మా యింటికి వచ్చారు.

“మాస్టారూ, మీ ఆడోళ్లను కాలవలో కూర్చోబెట్టబాకండి. రోజులు బాగాలేవు. నిలబెట్టండి.”

“నిలబడి ఏం చేస్తారు ఓబయ్యగారూ?”

“ప్రార్థన చేస్తారు. మీకు తెలియని పనా అది?”

నిలబెట్టాను. నాలుగు పేజీల ప్రార్థన చేయించాను. అది బాగా వచ్చిందని కమిటీ అభిప్రాయపడింది. అయితే ప్రార్థన చేశాక ఎవరో ఒకరు ఆలకించి గంజి పోయాలి. కథలో అటువంటివారు లేరు. ఈ సాహిత్య సమస్యను మంత్రిగారు స్వయంగా పరిష్కరించారు. నన్ను బంగళాకు పిలిపించి, ఆ కాలువ మీద గంజి కంట్రాక్టు తమ తాతగారిదేనని చెప్పారు. ఆ మాటకు గదిలో ఎవరూ దగ్గలేదు.

“మా నాయనమ్మ తన చేత్తో గంజి కాచి పోసింది. ఆమెను మాత్రం ఎవరు పట్టించుకున్నారు చెప్పండి,” అన్నారు మంత్రిగారు.

నేను కలం తీసి, నాయనమ్మగారి పేరేమిటని అడిగాను. మంత్రిగారు ఆలోచించారు. చాలాసేపు ఆలోచించారు. తరువాత ఓబయ్యగారివైపు చూశారు. ఓబయ్యగారు పంకావైపు చూశారు.

“నాయనమ్మా అనే పిలిచేవాళ్లం. మీరే ఏదైనా మంచి పేరు పెట్టండి.”

నేను గొంతు సవరించుకున్నాను. “పోలమ్మ అని పెడదామాండీ?”

“కూలిదాని పేరు మాస్టారూ,” అని ఓబయ్యగారు నా మోకాలు తట్టారు.

వెంకటశేషమ్మ అని ఖాయమైంది. నన్ను ఎవరూ బెదిరించలేదని పాఠకులకు మనవి చేస్తున్నాను. టీ ఇచ్చారు, బిస్కెట్లు ఇచ్చారు. పుస్తకం ఆవిష్కరణనాడు శాలువా కప్పుతామన్నారు. ఇంటికి వచ్చి, దుప్పటి భుజాలమీద వేసుకుని అద్దంలో చూసుకున్నాను. నవోమి ఉంటే నవ్వేది. ఎవరూ నవ్వలేదు గనుక బాగానే ఉన్నట్టు లెక్క.

పుస్తకం అచ్చుకు పోయింది. మొదటి ప్రూఫులో ఒకచోట “పోలమ్మ మొదలగు కూలీలు” అని మిగిలింది. రెండో ప్రూఫుకు అది “కూలీలు మొదలగువారు” అయింది. మూడో ప్రూఫుకు “మొదలగువారు” అయింది. ఆ ప్రూఫు కింద నేను సంతకం చేశాను. నా సంతకం ఎప్పుడూ స్పష్టంగా ఉంటుంది.

1963 జనవరిలో తడ దగ్గర కాలువగట్టున “కరుణామూర్తి వెంకటశేషమ్మ” ఆవిష్కరణ జరిగింది. ప్రేక్షకులుగా కూలి స్త్రీలను రెండు లారీల్లో తెచ్చారు. మంత్రిగారు మూడు గంటలు ఆలస్యంగా వచ్చారు. అప్పటికి పిల్లలు ఆకలికి ఏడుపు అందుకున్నారు. ఆ ఏడుపు మైకులో పడుతోందని ఓబయ్యగారు తల్లులను దూరంగా సరుగుడు చెట్లకిందికి పంపించారు. మంత్రిగారు నాయనమ్మను తలుచుకుని కంటతడి పెట్టారు. మధ్యలో పేరు గుర్తురాక ఆగినప్పుడు, ఓబయ్యగారు పుస్తకం అట్ట ఎత్తి చూపించారు. తరువాత నాకు శాలువా కప్పారు. ఫొటో తీశారు. ఫొటోలో నేను కళ్లు మూసుకోకపోయి ఉంటే బాగా పడి ఉండేవాణ్ణి.

సభ ముగిశాక సరుగుడు చెట్లవైపు నడిచాను. తల్లుల మధ్య మా అత్తగారు రెబెక్కమ్మ కూర్చుని ఉంది. డెబ్బై అయిదేళ్ల మనిషి. పోలమ్మ ఆమెకు సొంత అవ్వ. ఆమెకు చదువు రాదు. పుస్తకం వస్తోందని ఎవరో చెబితే తమ పేట నుంచి నడిచి వచ్చిందట. నా చేతిలోని పుస్తకాన్ని అందుకుని, అట్టమీద చెయ్యి వేసి చూసి, తిరిగి నాకే ఇచ్చింది.

“నవోమి చెప్పింది నాకు, నువ్వు రాస్తావని. మా అవ్వ పేరు ఏడుందో అది సదువు నాయనా.”

పక్కనున్న ఆడవాళ్లు కూడా నావైపు తిరిగారు. నేను వాళ్ల ముందు ఇసుకలో కూర్చుని పుస్తకం తెరిచాను. మంత్రిగారి పీఠిక వచ్చింది. దానిమీద వేలుపెట్టి చదవడం మొదలుపెట్టాను. పోలమ్మ కరువులో కాలువ పనికి రావడం చదివాను. గంజి ఆగిపోవడం చదివాను. పోలమ్మ గంప దించి కూర్చుంది. పోలమ్మను లేవమన్నారు. పోలమ్మ లేవలేదు. ప్రతి వాక్యంలోనూ పేరు వచ్చేటట్టు చదివాను. బడిలో ఎన్నడూ అంత శ్రద్ధగా చదివి ఉండను. మూడోనాడు తొట్టి వచ్చిందాకా చదివి ఆపాను. ఆడవాళ్లలో ఒకామె బిడ్డను రెండో భుజానికి మార్చుకుంది.

రెబెక్కమ్మ కాసేపు పుస్తకంవైపు చూసింది.

“ఇంతసేపు సదివినావు. ఒక్క కాయితం కూడా తిప్పలేదే నాయనా,” అంది మెల్లగా.

నేను కాగితం తిప్పాను.