బొటనవేలితో తోడిన నీళ్లు

మా ఊరి చేదబావిలో పూడిక తీయించమని జంగమ్మ పెట్టుకున్న దరఖాస్తును పై అధికారులు సానుభూతితో పరిశీలించి, 1962 వేసవిలో ఊరికి పది రోజుల బొమ్మల శిక్షణ మంజూరు చేశారు. పూడిక తీసేవాళ్లు దొరకలేదట. బొమ్మలు నేర్పేవాడు దొరికాడు.

నిపుణుడు పట్నం నుంచి వచ్చాడు. "గ్రామీణ సోదరులారా! బొమ్మ గీయడం పాత విద్య. నడిపించడం కొత్త విద్య. ఒక్కో కాగితం మీద కొంచెం కొంచెం మార్చి గీసి, పుస్తకంగా కుట్టి, బొటనవేలితో గబగబా తిప్పితే బొమ్మ కదులుతుంది. దానితోపాటు దేశం కదులుతుంది!" అన్నాడు. చప్పట్లు కొట్టాం.

శిక్షణ కొత్తవాళ్లకే గనుక, ఊళ్లో బొమ్మ గీయగల ఒకే ఒక్క మనిషిని, బండ్లకు రంగులేసే బాబా మియాను, అనర్హుడిగా ప్రకటించి కుంచెలు కడగమన్నారు. కడిగే నీళ్లు జంగమ్మే పక్క ఊరి నుంచి మోసుకొచ్చింది. పటేలు బామ్మర్ది మొదలుకొని గీత గీయరాని పన్నెండుమంది అర్హులయ్యారు.

మొదటి పాఠం, నీళ్లు చేదే స్త్రీ. జంగమ్మను గిలక దగ్గర నిలబెట్టారు. జానెడు తాడు లాగగానే ఆగమనేవారు.

"కదలకు!" అన్నాడు నిపుణుడు.

"కదలకుంటే బొక్కెన ఎట్లొస్తది సారూ?"

"కదిలించడం మా పని. నువ్వు ఆగు."

రెండు రోజులకు బొక్కెన ఒక్కసారి పైకొచ్చింది. అందులో దోసెడు బురద. నిపుణుడు శిష్యులకు నీలం రంగు అందించాడు.

"బురదకు నీలమెందుకు సారూ?" అన్నాడు బాబా మియా. అనర్హుడి ప్రశ్న గనుక, ఇంకో కుంచె ఇచ్చి కడగమన్నారు.

పదో రోజు పెద్ద అధికారి జీపులో దయచేశారు. పుస్తకం తిప్పారు. బొక్కెన పైకొచ్చి కుండ నిండింది. మళ్లీ తిప్పారు, మళ్లీ నిండింది. అక్కడికక్కడే జంగమ్మ పూడిక దరఖాస్తు మీద రాశారు: "బావిని స్వయముగా తనిఖీ చేసితిని. నీరు పుష్కలము. తిరస్కరించడమైనది."

"నీ బాంచెన్, జర బాయి కాడికొచ్చి సూడున్రి. గీడనే ఉన్నది," అన్నది జంగమ్మ.

"కళ్లారా చూశాను కదమ్మా," అన్నారాయన ఎంతో ఓపికగా.

పుస్తకం భువనగిరిలో ప్రదర్శనకు పోయి బహుమతి తెచ్చింది. ఊరి పేరు పత్రికలో పడింది. అదే వారం జంగమ్మ కొత్త దరఖాస్తు పట్టుకొని వేలిముద్రల కోసం మా అందరి దగ్గరికీ వచ్చింది.

"ఊరి పేరు గిప్పుడే పైకొచ్చె. నీళ్లు లేవని రాసి ఇజ్జత్ తీస్తవానే?" అన్నాడు పటేలు. న్యాయమైన మాట. ఒక్కరమూ వేలు ముట్టించలేదు.

"మంచిది పటేలా. రేపటిసంది మీ ఆడోళ్లను గా బుక్కు కాడికే తోలున్రి, నీళ్లకు," అని జంగమ్మ కుండ నెత్తికెత్తుకొని పక్క ఊరి దారి పట్టింది.

ఆ ఎగతాళికి మాకు చాలా కోపం వచ్చింది. మా ఆడవాళ్లకు కుండలిచ్చి ఆమె వెనకే పంపాం.