గాజు అరలో ఊర్మిల పాదం

ఆ ఉదయం సదానందం పెట్టుకున్న పనులు రెండే: నాలుగు పియానోలను హాలుకు చేర్చడం, ఒక అట్టపెట్టెను ఇంటికి పంపడం. రియాద్‌లోని సులై గోదాములో సామాన్లు ఎత్తి దించే పని అతనిది. మెట్‌పల్లి వదిలి మూడేళ్ళు దాటింది. సెలవు అడిగినప్పుడల్లా సూపర్‌వైజర్ ఫక్రుద్దీన్ "వచ్చే నెల పో" అనేవాడు. ఆ వచ్చే నెల ఇప్పటికి నాలుగుసార్లు వచ్చి వెళ్ళింది.

తాను పోలేకపోతే పోయె, పెట్టెయినా పోనీ అనుకున్నాడు. గోదాములో దొరికిన ఖాళీ పెట్టెలో పులిబొమ్మ కంబళి, పాలపొడి, తలనొప్పి బామ్, భార్య ఊర్మిలకు చెప్పులు సర్దాడు. కొలత కోసం ఆమె తన కుడిపాదాన్ని నోటుబుక్కు కాగితం మీద గీసి, ఊరి నుంచి వచ్చినవాళ్ళతో పంపింది. మూడు నెలలు దిండు కింద దాచుకున్న ఆ కాగితాన్నీ చెప్పులతో పెట్టాడు. సరిపోకపోతే తప్పు కాగితానిదో చెప్పులదో తేలాలి కదా!

పియానోలు ఒక విదేశీ బృందానివి. నలుగురు కలిసి శాస్త్రీయ సంగీతం వాయిస్తూ ముప్పై రెండేళ్ళుగా దేశాలు తిరుగుతున్నారు. బృందాన్ని స్థాపించిన గురువు ఆరేళ్ళ కిందట పోయింది. ఆమె ఉత్తరాలు, ఫోటోలు, పాత కార్యక్రమాల కాగితాలు, అంటే బృందం చరిత్ర మొత్తం, అచ్చం సదానందం పెట్టె లాంటి పెట్టెలోనే వచ్చింది. రెండు పెట్టెలూ పియానోలను మోసే లారీలోకే ఎక్కాయి.

ఇంటికి పోయే పెట్టెను పేరు రాయకుండా కదలనిస్తే పనివాళ్ళుండే క్యాంపులో అపచారం కింద లెక్క. సదానందం పియానోలకు తాళ్ళు కడుతుండగా గదిలో తోడుండే అంజన్న లారీ ఎక్కి, ముందు కనిపించిన పెట్టె మీద ఆరువైపులా "సదానందం, మెట్‌పల్లి" అని నల్లగా రాసేశాడు. అది చరిత్ర పెట్టె. దారిలో కార్గో ఆఫీసు దగ్గర దాన్ని దించింది సదానందమే. బరువు తేడాగా తోచినా, పేరు తనదే కాబట్టి అనుమానపడలేదు. మధ్యాహ్నానికి చరిత్ర విమానం ఎక్కింది.

హాల్లో పనిచేసే అమీనాది కడప. హాలుకు చేరిన పెట్టెలో ఉన్నవన్నీ జనం చూసేలా గాజు అరల్లో పెట్టాలని ఆమెకు పైనుంచి వచ్చిన ఆజ్ఞ. కళాకారుల సంగతి మనకేం తెలుసనుకుని, పులి కనిపించేలా కంబళి పరిచింది. బామ్ సీసాకు లైటు పెట్టింది. పాదం కాగితాన్ని నట్టనడుమ నిలబెట్టింది.

సాయంత్రం బృందంలో పెద్దామె ఎలెనా కంబళిని చూసి ముఖం చిట్లించింది. కాగితం దగ్గర మాత్రం ఆగిపోయింది. పియానోకు కింద కాలితో తొక్కే పెడల్ ఉంటుంది.

"మా గురువుగారి పాదం! పెడల్ తొక్కడం ఇలాగే గీసి నేర్పేది," అంటూ ఏడ్చేసింది. మిగతా ముగ్గురూ ఏడ్చారు. పత్రికలవాళ్ళు ఫోటోలు తీశారు. గురువుగారు దేశదేశాల్లో భరించిన చలి గురించి ఒకాయన కంబళి ముందు నిలబడి ఉపన్యాసమిచ్చాడు.

జనం మధ్య నుంచి సదానందం తొంగిచూశాడు. చిటికెనవేలు దగ్గర పెన్సిలు జారిన వంకర కూడా అలాగే ఉంది. పక్కనున్న ఫక్రుద్దీన్ చెయ్యి పట్టుకుని లాగాడు.

"అన్నా, గది నా ఇంటామె కాలు."

"నోర్ముయ్," అన్నాడు ఫక్రుద్దీన్. "గిప్పుడు చెప్తే ఇద్దరి నౌకరీ పోతది. సెలవు సంగతి ఇగ మర్చిపో."

సదానందం మర్చిపోవడానికి ప్రయత్నిస్తుండగానే, ఆ కాగితాన్ని బృందం తనతో తీసుకుపోతుందని అమీనా ప్రకటించింది.

"గది ఇయ్యనమ్మా!" అని అరిచాడు. "నా పెండ్లాందది. మూడేండ్ల సంది ఆమెను సూడలే. నా దగ్గరున్నది గా కాలొక్కటే!"

"అయ్యో, ముందే చెప్పకపోతివే అన్నా!" అని అమీనా నెత్తి కొట్టుకుని, సంగతంతా ఎలెనాకు ఇంగ్లీషులో చెప్పింది.

ఎలెనా గాజు అర తెరిచింది. కాగితాన్ని బయటికి తీసి సదానందం చేతిలో పెట్టింది. "నాకోసం పాదం గీసి పంపేవాళ్ళెవరూ లేరు," అంది. కళ్ళు తుడుచుకున్నాక అడగాల్సిన ప్రశ్న అడిగింది. "మరి మా చరిత్ర ఎక్కడ?"

మెట్‌పల్లి దారిలో ఉందని కార్గోవాళ్ళు ఫోన్లో చెప్పారు. దాన్ని మళ్ళీ కార్గోలో వెయ్యడానికి ఎలెనా ఒప్పుకోలేదు. పెట్టె మీద ఎవరి పేరుందో అతనే వెళ్ళి, నెలలోగా, జెద్దాలో జరిగే తమ తర్వాతి కార్యక్రమానికి తన చేతులతో తేవాలంది.

మర్నాడే కంపెనీ దగ్గరున్న పాస్‌పోర్టు, దేశం దాటి తిరిగి రావడానికి ఎగ్జిట్ రీ-ఎంట్రీ కాగితం, టికెట్టు చేతికొచ్చాయి. ఫక్రుద్దీన్ స్వయంగా కారులో ఎయిర్‌పోర్టుకు తీసుకువెళ్ళి, "పెట్టె పైలం" అని మూడుసార్లు చెప్పాడు.

మూడేళ్ళుగా మనిషికి దొరకని సెలవు, అట్టపెట్టెకు ఒక్క పూటలో దొరికింది.