పేర్ల యాప్ పదికాలాలు చల్లగా ఉండాలి

పిల్లలకు పేర్లు వెతికిపెట్టే యాప్‌ను కనిపెట్టిన మహానుభావుడెవరో గానీ, అతన్ని కన్నతల్లి కడుపు చల్లగా ఉండాలి!

మీలో చాలామంది దాన్ని తిట్టుకుంటారని నాకు తెలుసు. ఒక్క పేరు కావాలని తెరిస్తే పదిహేను వేల పేర్లు మొహాన కొడుతుందనీ, మధ్యమధ్యలో డైపర్ల ప్రకటనలు దూరుస్తుందనీ, ఒకే పేరుకు పొద్దున ఒక అర్థం, సాయంత్రం మరో అర్థం చెబుతుందనీ మీ ఫిర్యాదు. ఎంత వెతికినా తెమలదనీ, మొగుడూ పెళ్ళాల మధ్య తగువులు పెడుతుందనీ కూడా అంటారు. అన్నీ నిజాలే. అందుకే కదా నేను దాన్ని నెత్తిన పెట్టుకుంటున్నది!

మా అమ్మాయి కాన్పుకు మా ఇంటికి వచ్చింది. మనవడు పుట్టాడు. తల్లీబిడ్డా క్షేమం. ఆ సాయంత్రమే వియ్యపురాలు ఫోన్ చేసి సంతోషమంతా చెప్పుకుని, చివర్లో ఒక్క మాట అంది. "వదినా, పేరు ఖాయం చేసి పంపించండి. పేరు లేని పిల్లాణ్ణి మా పక్కింటివాళ్ళకు ఏమని చూపించను?"

అంటే ఏమిటన్నమాట? పేరు ఖాయమైతే మర్నాడే తల్లీబిడ్డా అత్తవారింటికి బయల్దేరతారు. ఖాయం కాకపోతే బయల్దేరరు. ఈ విషయానికీ, పేర్ల యాప్ మీద నాకున్న గౌరవానికీ ఆవగింజంత సంబంధం కూడా లేదని ముందుగానే మనవి చేసుకుంటున్నాను.

మా అల్లుడు లిఫ్టులు బాగుచేస్తాడు. మనిషి బంగారం. కాకపోతే లోకంలో ఉన్న ప్రతిదీ ఒక బటన్ మీద పట్టాలంటాడు. కొడుక్కి కూడా రెండక్షరాల పేరయితే చాలన్నాడు.

"పిలవడానికి తేలిగ్గా ఉంటుంది అత్తయ్యా. ఈ రోజుల్లో ఎవరికి టైముంది చెప్పండి?"

"తేలిగ్గా పిలిస్తే తేలిగ్గానే వెళ్ళిపోతారు బాబూ."

ఆయనకు బోధపడలేదు. బోధపడే విషయం చేద్దామనుకున్నాడో ఏమో, పనిముట్ల సంచీ తీసుకుని మా అంతస్తు లిఫ్టు దగ్గరికి పోయాడు. ఆ లిఫ్టు తలుపు మూసుకోవడానికి చాలా ఆలస్యం చేసేది. ఎక్కినవాళ్ళు ఎక్కినట్టే నిలబడి, బయట ఉన్నవాళ్ళతో ఇంకో నాలుగు మాటలు మాట్లాడాల్సి వచ్చేది. ఆయన దాన్ని ఒక్క పూటలో సరిచేసేశాడు. ఇప్పుడు ఎక్కీ ఎక్కగానే టక్కున మూసుకుంటోంది. బిల్డింగంతా ఆయన్ని మెచ్చుకుంది. నేనూ మెచ్చుకున్నాను, పైకి.

మా కుటుంబంలో మగపిల్లలందరివీ అరబ్బీ జంట పేర్లు. రెండు మాటలు ముడిపడి ఒక పేరవుతాయి. మా అమ్మ మా పెద్దన్నయ్యను ఎప్పుడూ పూర్తి పేరుతోనే పిలిచేది. వాడు చెప్పులు వేసుకుని గుమ్మం దాటుతుండగా మొదలుపెట్టి, సాగదీసి పిలిచేది. తల్లి పిలుపు పూర్తికాకుండా కదలడం మర్యాద కాదని వాడు ఆగేవాడు. వెనక్కి తిరిగేవాడు. అలా రోజూ ఆవిడకు కొడుకు మొహం ఇంకోసారి కనిపించేది. రెండక్షరాల పేరుతో ఈ సుఖం దక్కుతుందా?

నేను బడికి పోయినదాన్ని కాను. బస్సుల మీది బోర్డులు చూసి అక్షరాలు నేర్చుకున్నాను. మనవాళ్ళను ఎక్కించుకుపోయే బస్సు ఎటు పోతోందో తెలియకపోతే నాకు గుండె దడ. ఆ దడే నా చేత చదివించింది. తరవాత చేతికందిన పుస్తకమల్లా చదివాను గనక, ఈ పేర్ల సంగతి మీకు నాలుగు ముక్కలు చెప్పగలను.

'అబ్ద్' అంటే సేవకుడు. ఆ వెనక వచ్చేది దేవుడి గుణాల్లో ఒకటి. అబ్దుర్రహ్మాన్ అంటే కరుణామయుడి సేవకుడు. అబ్దుర్రజ్జాక్ అంటే తిండి పెట్టేవాడి సేవకుడు. ఇక 'ఉద్దీన్' అని ముగిసేవి ఒకప్పుడు ఏలికలకూ పండితులకూ దక్కిన బిరుదులు. ధర్మానికి వెలుగు, ధర్మానికి ఖడ్గం, అలాంటివి. కోటలు గెలిచినవాళ్ళకూ, గ్రంథాలు రాసినవాళ్ళకూ ఇచ్చినవి పోయి పోయి, పాలు తాగి ఒళ్ళు మరిచి నిద్రపోయేవాడికి పెడుతున్నాం. వాడు చేసిన ఘనకార్యమల్లా నా పక్క తడపడమే. అయినా తప్పేముంది? ముందు బిరుదు ఇచ్చేస్తే, తరవాత సిగ్గుపడైనా ఏదో ఒకటి సాధిస్తాడు.

ఇంత వారసత్వాన్ని మన యాప్ ఏం చేసిందనుకున్నారు? కత్తెర తీసుకుని మధ్యకు కత్తిరించింది! 'అబ్దుల్' ఒక పేరట. అర్థం: సేవకుడు. అదృష్ట సంఖ్య: ఏడు. అదృష్ట రంగు: నారింజ. ఎవరి సేవకుడో మాత్రం చెప్పదు. బస్సు మీద ఊరి పేరు తీసేసి, 'వయా' అని మాత్రం రాసి వదిలినట్టుంది. పోనీ వెనక సగం పట్టుకుని పిలుద్దామా? అది దేవుడి గుణం. అద్దెకున్నవాణ్ణి ఇంటి ఓనరు పేరుతో పిలిచినట్టు అవుతుంది.

మా అమ్మాయి కళ్ళజోళ్ళ షాపులో పనిచేస్తుంది. ఒకరోజు అక్కడ "అబ్దుల్ గారి కళ్ళజోడు రెడీ" అని కేకేస్తే ముగ్గురు లేచారట. ముందు లేచిన పెద్దమనిషి పెట్టుకుని చక్కా పోయాడు. షాపువాళ్ళు పొరపాటు తెలుసుకుని ఇంటికి వెళ్ళి అడిగితే, తిరిగి ఇవ్వనన్నాడట. ఇన్నేళ్ళ తరవాత పెళ్ళాం మొహం అందంగా కనిపిస్తోంది, నా కాపురం చెడగొట్టకండి అన్నాడట. సగం పేరు వల్ల ఒక ఇల్లు నిలబడింది. యాప్‌ను తిట్టేవాళ్ళు ఇది కూడా ఆలోచించాలి.

అయినా నా పద్ధతి నాది. జంట పేరును సగం చదవకూడదు, సగం పిలవకూడదు, సగం అర్థం చెప్పకూడదు. ఈ మాట అమ్మాయికీ అల్లుడికీ చెప్పీ చెప్పీ నా గొంతు పోయింది. ఎక్కడికీ పోకుండా విన్నవాడు మనవడొక్కడే.

అల్లుడు ప్రతి ఆదివారం ఒక పెద్ద ఖాళీ బ్యాగు పట్టుకుని వచ్చేవాడు. పిల్లాడి దుప్పట్లూ సీసాలూ సర్దుకుపోదామని. సాయంత్రానికి ఆ ఖాళీ బ్యాగే పట్టుకుని వెళ్ళేవాడు.

మొదట నూరుద్దీన్ అన్నాడు. జంట పేరయితే అత్తగారు కరుగుతుందని పాపం ఆశ. ధర్మానికి వెలుగు, చక్కని పేరు. కాకపోతే అది మా పెద్దన్నయ్య పేరు. ఓడ మీద పని దొరికి, రేవులో నిలబడి మాకు చెయ్యి ఊపాడు. అంతే. నా కళ్ళలో వాడింకా ఊపుతూనే ఉన్నాడు. ఆ మాట పైకి అనకుండా యాప్ తెరిచి చూపించాను. "దీని అదృష్ట రంగు బూడిద రంగట బాబూ. పసివాడికి బూడిద రంగేమిటి?" చూశారా, ఆపదలో ఎలా ఆదుకుందో!

తరవాత షంసుద్దీన్ వచ్చింది. అంటే సూర్యుడు. సాయంత్రమయ్యేసరికి వెళ్ళిపోయే రకం. బద్రుద్దీన్, నిండు చంద్రుడు. మర్నాటి నుంచీ తరుగుడే. నజ్ముద్దీన్, నక్షత్రం. ఎంత మెరిస్తే మాత్రం ఏం లాభం, దూరం నుంచి చూసుకోవాల్సిందే. సైఫుద్దీన్ అంటే ఖడ్గం. ఒర ఇంట్లో ఉంటుంది, కత్తి బయట తిరుగుతుంది. అన్నిటికీ యాప్‌లో ఏదో ఒక వంక దొరికింది. ఒకదానికి అదృష్ట సంఖ్య బాగాలేదు, ఇంకొకదానికి రెండు అర్థాలు. ఏదీ దొరకనప్పుడు ఇంకో రెండొందల పేర్లు చూద్దామని బటన్ నొక్కేదాన్ని. దానికి విసుగు లేదు, నాకు తొందర లేదు.

మా అమ్మాయి పిల్లాణ్ణి భుజాన వేసుకుని వీపు నిమురుతూ ఒకనాడు అడిగింది.

"అమ్మా, నీకు పేర్లు నచ్చట్లేదా, పేరు పెట్టడమే నచ్చట్లేదా?"

"పేరంటే జీవితాంతం మోసేది తల్లీ. తొందరపడితే ఎలా?"

"నాకు మాత్రం పుట్టిన మర్నాడే పెట్టేశావుగా."

"అప్పుడు యాప్ ఎక్కడిదే?"

అది నవ్వలేదు. "షాపువాళ్ళు ఫోన్ చేశారమ్మా. ఎప్పుడొస్తావని. ఇంకా ఆపితే నా సీట్లో వేరేవాళ్ళను పెట్టుకుంటారు" అంది. మొహం కిటికీ వైపు తిప్పుకుంది. అంతలోనే మళ్ళీ తిరిగి, "పోనీ, నువ్వే చెప్పు. ఏ పేరు చెబితే ఆ పేరు. ఆయన కూడా ఒప్పుకున్నారు" అంది.

ముందు నుయ్యి, వెనక గొయ్యి! ఇంతకాలం పేర్లు కొట్టేసినదాన్ని, ఇప్పుడు పెట్టమంటున్నారు. చెప్పకపోతే అమ్మాయి ఉద్యోగం పోతుంది. చెబితే పిల్లాడు పోతాడు. పోతాడంటే... నా నోరు పడ, వెళ్తాడు. వెళ్ళొస్తాడు.

ఆ మధ్యాహ్నం తల్లీబిడ్డా నిద్రపోతుంటే యాప్ తెరిచాను. 'అర్థాన్ని బట్టి వెతకండి' అని ఒక గడి ఉంటుంది. అందులో వేలితో ఒక్కొక్క అక్షరమే నొక్కి 'ఉండిపోయేవాడు' అని రాశాను. దానిక్కూడా ఆలోచించాల్సి వచ్చినట్టుంది, గుండ్రంగా కాసేపు తిరిగింది. తిరిగి తిరిగి ఒక్క పేరు ఇచ్చింది. అబ్దుల్ బాఖీ. కింద: బాఖీ, ఎప్పటికీ ఉండేవాడు.

నాకు కాళ్ళు నేలమీద ఆనలేదు. ఆదివారం అల్లుడు బ్యాగు కింద పెట్టకముందే చెప్పేశాను.

"బాఖీనా?" అన్నాడు. "వీధిలో గట్టిగా పిలిస్తే అప్పులవాళ్ళు గుమ్మాల్లోకి వస్తారేమో అత్తయ్యా."

"వస్తే రానీ బాబూ. అర్థం విను ముందు. ఎప్పటికీ ఉండేవాడు. ఎటూ పోనివాడు. ఇలాంటి పేరు పదిహేను వేలల్లో ఒక్కటే ఉంది."

మా అమ్మాయి నా చేతిలోంచి ఫోన్ తీసుకుని చూసింది.

"అమ్మా, ముందు సగం ఏం చేశావు?"

"ఏ సగం?"

"ఉండేవాడు పైవాడు. వీడు ఆయన సేవకుడు." పిల్లాణ్ణి ఆ భుజం మీంచి ఈ భుజం మీదికి మార్చుకుంది. "సేవకులన్నాక పని ఉన్న చోటికి పోవాలి కదమ్మా."

ఇంటి ఓనరు పేరుతో అద్దెకున్నవాణ్ణి పిలిచింది ఎవరో తెలిసింది కదా! ఊరందరికీ పాఠం చెప్పినదాన్ని, నాకు కావలసిన ఊరు కనబడేసరికి బోర్డు సగమే చదివి బస్సెక్కాను.

"అయితే ఇంకోటి వెతుకుదాం" అని చెయ్యి చాచాను. ఫోన్ ఇవ్వలేదు.

"వద్దు. ఇదే బాగుంది. రోజూ పూర్తిగా పిలుస్తాను, నీమీద ఒట్టు" అని నా చెయ్యి పట్టుకుంది. అల్లుడు బ్యాగు జిప్పు తెరిచాడు.

మర్నాడు బ్యాగు నిండింది. దుప్పట్లు నేనే మడతపెట్టాను, విప్పి మళ్ళీ మడతపెట్టాను. పాలసీసా మూత బిగించానా లేదా అని మూడుసార్లు తీయించి చూశాను. చేరగానే ఫోన్ చెయ్యమని అందరికీ విడివిడిగా చెప్పాను, మనవడితో సహా.

లిఫ్టు వచ్చింది. ముగ్గురూ ఎక్కారు. పిల్లాడి తల తల్లి భుజం మీంచి నా వైపే ఉంది. మా అమ్మలాగే సాగదీసి పిలుద్దామని మొదలుపెట్టాను. "అబ్దుల్..." అనేసరికి తలుపు టక్కున మూసుకుంది. మా అల్లుడి చేతిపని, వంక పెట్టడానికి లేదు.

"బాఖీ" అని మూసిన తలుపుతో అన్నాను. ఆ సగం నా దగ్గర ఉండిపోయింది.

కాబట్టి పాఠకులారా, యాప్‌ను ఆడిపోసుకోకండి. దాని లోపం దానికుంది. పదిహేను వేల పేర్లు ఇచ్చింది గానీ, పెట్టిన పేరుతో పిలవడానికి మనిషిని ఎదురుగా ఉంచే ఉపాయం ఇవ్వలేదు. అంతమాత్రానికి దాన్ని తీసేస్తామా?

నేను లోపలికి వచ్చి కూర్చున్నానో లేదో ఫోన్ మోగింది. చేరిపోయారేమో అనుకున్నాను. అప్పుడే ఎలా చేరతారు, ఇంకా వీధి మలుపు కూడా దాటి ఉండరు. చూస్తే యాప్. 'మీ బుజ్జాయికి పేరు దొరికిందా?' అని అడుగుతోంది. కింద రెండు బటన్లు. 'దొరికింది' అని ఒకటి, 'ఇంకా వెతుకుతున్నాం' అని ఒకటి.

మా అల్లుడు చెప్పింది నిజమే, కొన్ని మాటలు బటన్ మీద పట్టాలి. కళ్ళజోడు తుడుచుకుని, వేలు తప్పు బటన్ మీద పడకుండా చూసుకుని, రెండోది నొక్కాను.