హన్జాకి దూరిన పీపా

నేను అక్షరాలు నేర్చుకున్నది డెబ్బై దగ్గర పడ్డాక. రాత నెమ్మది, తప్పులూ దొర్లుతాయి. చదివేవాళ్లు మన్నించాలి.

ఆ పొద్దున షిగెనో అనుకున్న పని ఒక్కటే. ఏటిలో నానేసిన చెక్కపీపాని ఇంటికి దొర్లించుకురావాలి. ఎండిన చెక్క నీళ్లు తాగి ఉబ్బితేగానీ అందులో ముల్లంగి ఊరబెట్టడానికి లేదు. వచ్చే నెల గుళ్లో పంట పండుగ విందు. ఆ విందుకి ఊరగాయ అత్తగారి కాలం నుంచీ షిగెనో ఇంటిదే. అక్కడ ఇంకొకరి ఊరగాయ వడ్డించడమంటే, తను పోయిందని ఊరికి చాటినట్టేనని ఆమె ఉద్దేశం.

లోయలో మంచు ఇంకా విడలేదు. నీటి చప్పుడే గానీ నీరు కనబడటం లేదు. గట్టుకి అడుగుభాగం ఆనించి పడుకోబెట్టిన పీపాలోకి ఆమె వంగి చూసింది. నానిన రాయిలాంటి తల ఒకటి, ఆవగింజంత కళ్లతో, లోపలి నుంచి ఆమెనే చూస్తోంది. హన్జాకి. మా జపాన్ కొండ వాగుల్లో మనిషి చేయంత పెరిగే సాలమాండర్, బల్లిలాంటి నీటిజీవి. దాన్ని ముట్టుకోవడం నేరం.

"బయటికి రా నాయనా. అది మా అత్తగారి పీపా," అంది షిగెనో మెల్లగా.

అది ఒక బుడగ వదిలింది.

"ఎవరితో వదినా మాటలు?" అవతలి గట్టున బట్టలు జాడిస్తున్న పొరుగింటి తోమియె అడిగింది.

"చుట్టం వచ్చాడులే."

"ఉంటాడా, పోతాడా?"

"అదే అడుగుతున్నాను."

కబురందుకుని పట్నంలోని జంతు సంరక్షణ ఆఫీసు నుంచి కురమోతో అనే కుర్ర ఉద్యోగి వచ్చాడు. "విదేశీ రకంతో కలిసిన సంకరమైతే ఇవాళే పట్టుకెళ్తామమ్మా. మన జాతిదైతే మాత్రం పీపా కదపడానికి కూడా వీల్లేదు."

"సంకరమే నాయనా. ఆ మచ్చలు చూడు, ఎంతేసి ఉన్నాయో. మన ఊళ్లో అలాంటి మొహం ఎవరికుంది?"

"మీ ఆయనకుండేది," అంది తోమియె.

కురమోతో బోర్లా పడుకుని టార్చి వేసి చూశాడు. మచ్చలు చిన్నవి, చెదురుమదురుగా ఉన్నాయి. ఎందుకైనా మంచిదని దూదితో దాని ఒంటి జిగురు కాస్త తీసుకుని పరీక్షకి పంపాడు. అచ్చంగా మన జాతిదేనని జవాబు వచ్చేసరికి, ఒక ఆడ హన్జాకి వచ్చి ముత్యాల పేరులాంటి గుడ్లు పెట్టి వెళ్లిపోయింది. ఇక చలికాలం గడిచి పిల్లలు వెళ్లేదాకా ఆ తండ్రి కదలడు.

షిగెనో రోజూ తిట్టడానికే ఏటికి వెళ్లేది. లోపల అది తోకతో గుడ్లకి నీళ్లు విసురుతూ ఉండేది, ఎవరో నిద్దట్లో విసనకర్ర ఊపుతున్నట్టు. చూస్తూ చూస్తూ ఆమె తిట్లు మరిచిపోయేది. ఇంటి దగ్గర అన్నం మాడిపోయేది. తర్వాత ఊరివాళ్లూ టీ పట్టుకుని వచ్చి, ఆమె పక్కన రాళ్ల మీద కూర్చుని మంచులోకి చూడసాగారు.

విందు దగ్గర పడింది. షిగెనో తల వంచుకుని తోమియె గడప తొక్కింది. "ఒక్కసారికి మీ పీపా ఇవ్వు వదినా."

"పీపా నాదీ, పేరు నీదీనా?" అంది తోమియె. ఇవ్వలేదు సరికదా, జనమంతా అటే పోతున్నారన్న ఉక్రోషంతో ఆ పీపాని తీసుకెళ్లి షిగెనో పీపా పక్కనే గట్టుకి ఆనించి పడుకోబెట్టింది. మూడు రోజులు గడిచాయి. అందులోకి ఒక ఎండ్రకాయైనా తొంగి చూడలేదు.

చివరికి తోమియె కురమోతోని నిలదీసింది. "మా పీపాకేం తక్కువ?"

అతను రెండింటి వెనకా చేతులు పెట్టి తడిమి చూశాడు. "మీ పీపాలో లోపమేమీ లేదమ్మా. అదే లోపం. దానికి చీకటొక్కటే చాలదు. గట్టులోంచి చల్లటి ఊట వెనక నుంచి పారుతుండాలి, అప్పుడే గుడ్లు బతుకుతాయి. మీ పీపా అడుగున చుక్క దూరదు. ఆవిడ పీపా అడుగున బెత్తెడు పొడవున సన్నటి చీలిక ఉంది."

ఊరబెట్టిన పీపాలో ఉప్పునీరు ఏటా తగ్గిపోతుంటే, ముల్లంగికి దాహమెక్కువని ఇన్నేళ్లూ చెబుతూ వచ్చింది షిగెనో.

"దాహమా వదినా?" అంది తోమియె, ఎంతో ప్రేమగా.

ఆ సాయంత్రమే తన పీపాని తానే దొర్లించుకొచ్చి షిగెనో గుమ్మంలో నిలబెట్టింది. విందులో ఊరగాయ షిగెనో ఇంటిదే అయింది. ఎన్నడూ లేనంత బాగుందన్నారు కూడా. తోమియె మాత్రం తింటున్న ప్రతి ఒక్కరి దగ్గరికీ వెళ్లి, హన్జాకి తన పీపాని ఎందుకు వద్దందో వివరంగా చెప్పింది.

రాసింది మసుయో, ఎనభై మూడేళ్లు. ఇప్పుడు ఉంటున్నది ఒకయామా పట్నంలో.