క్రంప్ దొరగారి త్రిశత జయంతి

పార్థసారథి చేసిన మేలు ఏడుకొండలు ఈ జన్మలో మరిచిపోడు. మరిచిపోదామన్నా ఆ బ్యానరు ఫోటో ఇంకా ఫోన్లోనే ఉంది.

సింగపూర్‌లో యూ టీ అనే పేటలో కాపురముండే పార్థసారథి అక్కడి తెలుగు సంఘం అధ్యక్షుడు. ఒక ఆదివారం పొద్దున వాట్సాప్ గ్రూపులో ఆయన ప్రకటన విడుదల చేశాడు. పద్దెనిమిదో శతాబ్దపు ఇంగ్లండు న్యాయవాది, పార్లమెంటు సభ్యుడు అయిన సర్ నథానియల్ క్రంప్ గారి త్రిశత జయంతిని సింగపూర్ తెలుగుజాతి ఘనంగా జరుపుకోబోతోంది. ముఖ్య అతిథి మన రాష్ట్రం నుంచి వస్తున్న మంత్రి రంగనాథ్ గారు.

క్రంప్ ఎవరో తెలుగుజాతికి అప్పటిదాకా తెలియదు. అయితే మంత్రిగారు ఒకప్పుడు ప్లీడరు. ప్లీడరుగా మొదలై మంత్రయినవారి చేత దండ వేయించడానికి అంతకంటే తగిన పటం దొరకదు.

పటం తెచ్చిచ్చింది అభిజిత్. యూనివర్సిటీలో క్రంప్ జీవితం మీదే నాలుగేళ్ళుగా థీసిస్ రాస్తున్నాడు.

"అంకుల్, క్రంప్ నిలబడ్డ ఊళ్ళో ఓటర్లు ఏడుగురే. ఏడుగురికీ విందు పెట్టి గెలిచాడు. ముప్పై ఏళ్ళు సభలో కూర్చుని ఒక్కసారే నోరు విప్పాడు, కిటికీ వెయ్యమని. ఊళ్ళ ఉమ్మడి భూములకి కంచెలేసే చట్టాలు రాసి, సగం కంచెలు తనే వేసుకున్నాడు."

పార్థసారథి శ్రద్ధగా విని, బ్యానరు మీద 'మితభాషి, భూసంస్కర్త' అని వేయించాడు.

జయంతి నాడు వేసే నాటకంలో క్రంప్ వేషం ఏడుకొండలుకు దక్కింది. సెంబవాంగ్ షిప్‌యార్డులో పదిహేడేళ్ళుగా వెల్డింగు చేస్తున్న మనిషి. చదువు ఏడో తరగతితో సరి. వేషం మీద మోజు లేదు. సొంతూళ్ళో హైవే పక్కన తాత దున్నిన ఎకరం డెబ్బై రెండు సెంట్ల చెక్క కంప్యూటరు రికార్డులో 'ప్రభుత్వ భూమి' అని పడింది. రెండేళ్ళుగా నాగలి పెట్టనివ్వడం లేదు. తమ్ముడు చెప్పులరిగేలా తిరుగుతున్నాడు.

"వేషం కట్టు. స్టేజీ మీదే, కెమెరాల ముందు అర్జీ మంత్రి చేతిలో పెట్టెయ్. ఎలా కాదంటాడో చూద్దాం" అన్నాడు పార్థసారథి.

ఆ రోజు పత్తి విగ్గు, అభిజిత్ ఇచ్చిన నల్లకోటు వేసుకుని ఏడుకొండలు రంగమెక్కాడు. పార్థసారథి కూతురు నిఖిలది రైతమ్మ వేషం.

"ఈ నేల మా తాత దున్నాడు దొరా."

"కాగితం ఉందా?"

"లేదు దొరా."

"కాగితం లేనివాళ్ళకి తాత కూడా ఉండడు."

ఈ మాట ఏడుకొండలు సెలవులో ఊరెళ్ళినప్పుడు మండలాఫీసులో విన్నదే కాబట్టి రిహార్సలు అక్కర్లేకపోయింది. మంత్రిగారు కళ్ళు తుడుచుకున్నారు. న్యాయాన్ని ఇంత సూటిగా చెప్పినవాణ్ణి తాను చూడలేదన్నారు.

"అంకుల్, విగ్గు పడిపోతోంది లా" అంది నిఖిల సింగపూరు యాసలో. ఏడుకొండలు ఒక చేత్తో విగ్గు పట్టుకుని రెండో చేత్తో అర్జీ అందించాడు.

మంత్రిగారు దాన్ని మొదటి అక్షరం నుంచి చివరిదాకా చదివారు. రెండేళ్ళలో ఆ పని చేసిన మొదటి ప్రభుత్వ మనిషి ఆయనే. సర్వే నంబరు దగ్గర వేలు పెట్టి ఆగారు.

"హైవేని ఆనుకునే ఉందా?"

"ఆనుకునేనండి."

"ఖాళీగా ఉందా?"

"ఖాళీయే సార్. మీ మాట కోసమే ఆగిందండి."

మంత్రిగారు మైకు అందుకున్నారు. సర్ నథానియల్ క్రంప్ స్మారక న్యాయ భవనానికి తాను ఎన్నాళ్ళుగానో ప్రభుత్వ స్థలం వెతుకుతున్నానని, సాటి తెలుగు కార్మికుడు దాన్ని సర్వే నంబరుతో సహా చూపించాడని ప్రకటించారు. హాలంతా లేచి చప్పట్లు కొట్టింది. పార్థసారథి ఏడుకొండలుకు శాలువా కప్పి, బ్యానరు కింద ఫోటో తీయించాడు.

శంకుస్థాపనకు అదే విగ్గు పెట్టుకుని రావాలని మంత్రిగారు స్వయంగా ఆహ్వానించారు. ఆహ్వాన పత్రిక కూడా వచ్చింది. అందులో స్థల విస్తీర్ణం తప్పులేకుండా అచ్చయింది: ఎకరం డెబ్బై రెండు సెంట్లు.